డాక్టరు గారు కూర్చున్నారు

ఆ రోజు పొద్దున సర్జను గారు వేసుకున్న పథకం చిన్నదే. వార్డులో రౌండు పూర్తి చేయాలి. ఆ కాసేపూ ఎవరినీ తిట్టకూడదు. తర్వాత థియేటరుకి వెళ్ళి ఆపరేషన్లు చేసుకోవాలి. మొదటిదీ చివరిదీ ఆయన రోజూ చేసేవే. మధ్యదే కొత్త.

ఆసుపత్రిలో అందరూ ఆయన్ని ఉరుము అంటారు. ఎదురుగా అనరు. వార్డులోకి మనిషి రాకముందే గొంతు వస్తుంది కాబట్టి ఆ పేరు. ఆయన చేతికి వంక పెట్టినవాళ్ళు లేరు. నోటికి వంక పెట్టినవాళ్ళు ఎక్కువై, ఫిర్యాదులు సూపరింటెండెంటు బల్ల మీద పేరుకుపోయాయి. ఆవిడ ఆయన్ని పిలిచి, రోగులతో ఎలా మాట్లాడాలో నేర్పే తరగతులకు పంపింది. తరగతులు అయిపోయాయి. ఇవాళ పరీక్ష. పాఠం చెప్పిన ట్రైనర్ రౌండులో వెంట ఉండి చూస్తుంది. ఫెయిలైతే ఆయన్ని థియేటరు నుంచి తప్పించి, ఉద్యోగాల్లో చేరేవాళ్ళకు ఆరోగ్య సర్టిఫికెట్లు ఇచ్చే గదిలో పడేస్తారు. కత్తి పట్టని రోజు ఆయనకు అన్నం సయించదు. సెలవు రోజుల్లో ఇంట్లో ఆయన్ని భరించడం ఎంత కష్టమో భార్యను అడిగితే చెబుతుంది.

ఆయన గడ్డానికి నురగ రాసుకుని, అద్దంలో తన ముఖం చూసుకుంటూ, "నమస్కారమండీ. నేను కాసేపు కూర్చోవచ్చా?" అన్నాడు.

"ఎవరితో మాట్లాడుతున్నారు?" అంది భార్య గుమ్మం దగ్గర నుంచి.

"పేషెంటుతో. అడ్డు రాకు."

"పేషెంటుని అండీ అంటున్నారా? ఒంట్లో బాగానే ఉందా మీకు?"

"ముందు కూర్చోవాలట. ఫోను ఆపెయ్యాలట. భుజం మీద చెయ్యి వెయ్యాలట. గొంతు తగ్గించి, మీకేమైనా దిగులుగా ఉందా అని అడగాలట. అడిగాక జవాబొచ్చేదాకా నోరు మూసుకోవాలట. దీనికి మళ్ళీ తరగతులు!"

"ఏదీ, నా మీద ఒకసారి చేసి చూపించండి."

ఆయన చెయ్యి తుడుచుకుని ఆవిడ భుజం మీద వేశాడు. గొంతు తగ్గించి, "నీకేమైనా దిగులుగా ఉందా?" అని అడిగి ఊరుకున్నాడు.

ఆవిడ ముఖం పాలిపోయింది. కుర్చీ లాక్కుని కూలబడింది. "నా రక్తపరీక్ష రిపోర్టు వచ్చిందా? ఏం దాస్తున్నారు? నిజం చెప్పండి."

"రిపోర్టూ లేదు, నీ తలకాయా లేదు! ప్రాక్టీసు చేస్తున్నానే!"

"హమ్మయ్య," అని ఆవిడ లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది.

ఆయన అక్కడే ఆగి ఒక్క నిమిషం ఆలోచించి ఉంటే ఆ రోజు వేరేలా గడిచేది. కాని అప్పటికే ఆలస్యమైంది. గబగబా గడ్డం గీసుకుని బయలుదేరాడు.

ఆయన వార్డు పొడవాటి హాలు. రెండు వైపులా మంచాలు, ప్రతి మంచం కింద ఒక ఇనుప స్టూలు. రోగులకు అక్కడ వేరే పని ఉండదు. ఉన్నదల్లా డాక్టరుని గమనించడం. పాతవాళ్ళు ఆయన గురించి తేల్చిన సంగతులు కొత్తవాళ్ళకు చేరిన రోజే చెవిన పడతాయి. ఉరుము తిట్టాడంటే బతుకు మీద బెంగ అక్కర్లేదు. ఎంత గట్టిగా తిడితే అంత తొందరగా ఇంటికి. తిట్టకుండా వెళ్ళిపోయాడంటే కొంచెం కంగారు పడవచ్చు. వెనక ఒకసారి ఆయన ఒక మంచం దగ్గర ఏమీ అనకుండా నిలబడి, జారిన దుప్పటి తన చేత్తో సరిచేశాడు. మర్నాటికి ఆ మంచం ఖాళీ. ఇక ఆయన కూర్చోవడం అంటారా, అది ఆ వార్డులో ఎవరూ చూసి ఎరగరు.

ట్రైనర్ తలుపు దగ్గర ఎదురుచూస్తోంది. ఆ అమ్మాయి అంతకుముందు హోటళ్ళలో రిసెప్షన్ వాళ్ళకు నేర్పేది. "సార్, నేనసలు లేననుకోండి," అంది. పెద్ద సిస్టర్ ఆయన ముఖం చూసి ఏదో అనబోయి మానుకుంది.

మొదటి మంచం బస్సు డ్రైవరుది. హెర్నియా ఆపరేషన్ అయింది, కుట్లు మానాయి, ఇవాళ ఇంటికి పోవాలి. భార్య సంచులు సర్దింది. తీసుకెళ్ళడానికి ఆమె తమ్ముడు వచ్చాడు. జుట్టు నెరుస్తున్నా పెళ్ళి కాని మనిషి. మామూలు రోజైతే డాక్టరు మంచం దగ్గర ఆగకుండానే, "ఏరా బస్సూ, ఇంకా ఇక్కడే ఉన్నావా? నీ అత్తారిల్లనుకున్నావా? లే!" అని పోయేవాడు. డ్రైవరు కూడా దానికే సిద్ధంగా, నవ్వడానికి ముఖం సర్దుకుని ఉన్నాడు.

డాక్టరు ఫోను తీసి ఆపేశాడు. వంగి మంచం కింది నుంచి స్టూలు లాగాడు. కూర్చున్నాడు.

పక్క మంచం మీద మోగుతున్న రేడియో ఆగిపోయింది.

"నమస్కారమండీ," అన్నాడు డాక్టరు, డ్రైవరు భుజం మీద చెయ్యి వేసి. "మీ కుట్లు బాగా మానాయి. అంతా బాగుంది. ఇవాళ మీరు ఇంటికి వెళ్ళొచ్చు."

డ్రైవరు తన భుజం మీది చెయ్యిని చూశాడు. "సార్, నన్ను అండీ అంటున్నారేంటి?"

డాక్టరుకి పాఠం గుర్తొచ్చింది. గొంతు ఇంకా తగ్గించాడు. "మీకేమైనా దిగులుగా ఉందా?" అని అడిగి, నోరు మూసుకున్నాడు.

ఆ నిశ్శబ్దంలో డ్రైవరు పెదవులు వణకడం మొదలైంది.

"అక్కా, నువ్వు కూర్చో," అన్నాడు బావమరిది. "డాక్టరు గారూ, ఏదున్నా నాకు చెప్పండి. నేను తట్టుకుంటాను."

"అంతా బాగుందండీ."

"ఇంత మెత్తగా చెప్తున్నారంటేనే తెలుస్తోంది సార్ ఎంత బాగుందో."

డ్రైవరు భార్య కొంగు నోట్లో కుక్కుకుంది. డాక్టరు నిస్సహాయంగా ట్రైనర్ వైపు చూశాడు. ఆ అమ్మాయి కళ్ళు చెమర్చి ఉన్నాయి. "చాలా బాగా చేస్తున్నారు సార్," అని గుసగుసలాడింది. "ఇంకొంచెం మృదువుగా."

ఆయన ఇంకొంచెం మృదువుగా, "నిజంగా మీకేమీ లేదండీ," అన్నాడు. దాంతో డ్రైవరు భార్య బావురుమంది.

డ్రైవరు తమాయించుకున్నాడు. ఏళ్ళ తరబడి ప్రయాణికుల ప్రాణాలు చేతిలో పెట్టుకున్న మనిషి. "ఏడవకే. పోయేలోగా ఒక మాట చెప్పెయ్యాలి. ఒరే బావమరిదీ, ఇలా రా. నీకు అప్పట్లో ఆ పోస్టుమాస్టరు గారమ్మాయి సంబంధం తప్పిపోయింది కదా?"

"ఇప్పుడదంతా ఎందుకు బావా..."

"వాళ్ళు నన్నడిగారురా. పిల్లాడు తాగుతాడా అని. తాగుతాడని చెప్పాను."

"నేను తాగనే తాగను కదా బావా!"

"తెలుసు. ఆ తర్వాత వచ్చినవాళ్ళకీ అదే చెప్పాను. పెళ్ళయితే నువ్వు వేరే కాపురం పెట్టేస్తావని. ఇంట్లో బజారు పనులన్నీ నువ్వే చేసేవాడివి కదరా. క్షమించెయ్."

బావమరిది పిడికిళ్ళు బిగుసుకున్నాయి, విడిపోయాయి, మళ్ళీ బిగుసుకున్నాయి. "ఏం చెయ్యను?" అన్నాడు పళ్ళ మధ్య నుంచి. "నువ్వు బాగుండి ఉంటే ఇప్పుడే చంపేసేవాణ్ణి బావా."

డాక్టరు లేచి రెండో మంచానికి వెళ్ళాడు. ఆ రోగి అప్పటికే తన స్టూలు మంచం మీదికి లాక్కుని ఒళ్ళో పెట్టుకుని ఉన్నాడు. "నాకు కూర్చుని చెప్పొద్దు సార్. నేను పిల్లలు గలవాణ్ణి," అన్నాడు. మూడో మంచం ఖాళీ. ఆ మనిషి సెలైను సీసా చేత్తో పట్టుకుని బాత్రూములోకి వెళ్ళి గడియ పెట్టుకున్నాడు. పెద్ద సిస్టర్ తలుపు కొడితే, "ఆయన వెళ్ళాక వస్తాను," అని లోపలి నుంచి జవాబు. అవతలి వరసలో ఒక ముసలాయన ఎవరూ అడగకుండానే ఇల్లు చిన్నకొడుక్కి రాయమని చెబుతున్నాడు. ఆయనకు తీసింది కాలి గోరు.

ఈలోగా డ్రైవరు భార్య అతని తోటి డ్రైవరుకి ఫోను చేసింది. ఆ మనిషి అప్పుడే బస్సు తీసుకుని రూటు మీద బయలుదేరాడు. స్నేహితుడు పోతున్నాడని తెలిశాక రూటు ఎవరికి కావాలి? బస్సుని ఉన్నపళంగా ఆసుపత్రి వైపు తిప్పాడు. ప్రయాణికులు మొదట గొడవ చేశారు. సంగతి విని వాళ్ళూ కళ్ళు తుడుచుకున్నారు. ఒక్కావిడ మాత్రం, ఇది తర్వాతైనా మార్కెట్టు మీదుగా వెళ్తుందా అని అడుగుతూనే ఉంది. బస్సు గేటులో మలుపు తిరగలేక ఇరుక్కుంది. దాని వెనక అంబులెన్సు ఆగింది. అంబులెన్సు వెనక సూపరింటెండెంటు కారు ఆగింది.

ఆవిడ కారు దిగి నడిచి వార్డులోకి వచ్చేసరికి, డ్రైవరు మంచం చుట్టూ బస్సెడు జనం. బావమరిది ఒక పక్కన గోడకు తల కొట్టుకుంటున్నాడు, దుఃఖంతో కాదు.

"ఏమిటిది? ఎవరు పోయారు?" అంది సూపరింటెండెంటు.

"ఎవరూ పోలేదు! ఎవరూ పోరు!" అని డాక్టరు అన్నాడు. అనడం కాదు, అరిచాడు. పొద్దున్నుంచీ బిగబట్టుకున్నదంతా ఒక్కసారి తెగింది. జనాన్ని నెట్టుకుంటూ డ్రైవరు దగ్గరికి వెళ్ళాడు. "ఏరా దున్నపోతా! చెవులున్నాయా లేవా? బాగుందని చెప్తుంటే ఈ సంత ఏమిట్రా? నీకు రోగమూ లేదు, రొష్టూ లేదు! మంచం ఖాళీ చెయ్, లే! నీ ముఖం మళ్ళీ నాకు చూపించకు!"

వార్డంతా ఊపిరి పీల్చుకుంది. డ్రైవరు ముఖం వెలిగింది. "తిట్టారు!" అన్నాడు భార్యతో. "దున్నపోతన్నారే! బతికానే!"

"బతికావా బావా?" అన్నాడు బావమరిది గోడ దగ్గర నుంచి, నెమ్మదిగా.

"బతికానురా!"

"ఖాయమేనా డాక్టరు గారూ?"

"గుండ్రాయిలా ఉన్నాడు!"

ఆ మాట చాలింది. డ్రైవరు మంచం దిగి పరుగెత్తడం, బావమరిది వెంటపడటం, వాళ్ళ వెనక అక్కగారు, ఆమె వెనక ప్రయాణికులు. "కుట్లురా వెధవా, కుట్లు!" అని డాక్టరు కేకలు వేస్తుంటే, ఆ తిట్టు వినబడిన ప్రతిసారీ డ్రైవరు వేగం పెరిగింది.

ఆ జనమంతా వెళ్ళిపోయాక సూపరింటెండెంటు డాక్టరుని తలుపు దగ్గరికి పిలిచింది.

"కూర్చున్నారట."

"కూర్చోమన్నారు కదండీ."

"మేడం, కోర్సు ప్రకారం..." అంది ట్రైనర్.

"కోర్సు సంగతి తర్వాత. గేటులో బస్సుంది, అది ముందు చూడాలి. డాక్టరు గారూ, ఇవాళ మీరు ఇంకే మంచం దగ్గరా కూర్చోరు. నిలబడి చెప్పండి, వెళ్ళిపోండి. మళ్ళీ కూర్చున్నారో, రేపటి నుంచి థియేటరు గుమ్మం తొక్కరు."

"అలాగేనండీ," అన్నాడు డాక్టరు. ఆ రోజు ఆయనకు నచ్చిన ఆజ్ఞ అదొక్కటే.

అసలు పని మిగిలింది కిటికీ పక్క మంచం దగ్గర. దానికోసమే ఆయన ఆ తరగతుల్లో కునుకు తీయకుండా కూర్చున్నాడు.

ఆ మంచం మీది మనిషి షాపులకు బోర్డులు రాసే పెయింటరు. గోళ్ళ అంచుల్లో ఇంకా ఎరుపు రంగు ఉంది. కడుపునొప్పితో వచ్చాడు. డాక్టరు కడుపు తెరిచి, చూసి, ఏమీ చేయకుండా మళ్ళీ కుట్టేశాడు. ఆ సంగతి అతనికి ఇంకా ఎవరూ చెప్పలేదు. మామూలుగా ఇలాంటివి ఆయన బంధువులకు వరండాలో నడుస్తూ చెప్పేస్తాడు. ఇతనికి ఉన్నది ఒక్క కూతురు. ఆపరేషన్ అయిన దగ్గర నుంచీ ఆమె కంటపడకుండా ఆయన పక్క మెట్లు దిగి పోతున్నాడు.

"నిలబడే చెప్పండి సార్," అన్నాడు పెయింటరు భయంగా, కాళ్ళు స్టూలు మీద చాపి.

డాక్టరు మంచం కాళ్ళ వైపు నిలబడ్డాడు. మెత్తగా మొదలుపెట్టాలనే అనుకున్నాడు. నిలబడితే ఆయనకు పాత గొంతే వస్తుంది.

"కడుపులో గడ్డ ఉంది. తీసెయ్యాలనే తెరిచాం. కాలేయానికి పాకిపోయింది. తియ్యడానికి లేదు. కుట్టేశాం. ఏడాదిగా నొప్పి పెట్టుకుని మాత్రలు మింగుతూ కూర్చున్నావా? ముందే వచ్చి తగలడొద్దూ?"

పెయింటరు ముఖం విప్పారింది. "తగలడొద్దూ అన్నారు సార్!" అన్నాడు. "కత్తి పెట్టిన రోజు నుంచీ నన్ను ఒక్క మాటా అనలేదు మీరు. బెంగపెట్టుకుని నిద్రపోలేదు సార్ నేను."

"వింటున్నావా? తియ్యలేకపోయాం అంటున్నాను!"

"వింటున్నాను సార్. మందులతో కరిగించేస్తారన్నమాట."

"కరగదు! దానికి మందు లేదు! నొప్పి తెలియకుండా ఇస్తాం, అంతే!"

"అరవండి సార్, ఇంకా అరవండి," అన్నాడు పెయింటరు, కళ్ళ నీళ్ళతో నవ్వుతూ.

"అదృష్టవంతుడివయ్యా," అన్నాడు స్టూలు ఒళ్ళో పెట్టుకున్నాయన. "నాకింకా ఒక్క కేకా పడలేదు."

సూపరింటెండెంటు తలుపు దగ్గర నుంచి తల ఊపింది. గొడవ లేదు, ఏడుపు లేదు. రోగి నవ్వుతున్నాడు. పెద్ద సిస్టర్ మాత్రం డాక్టరు వైపే చూస్తోంది. ఆయన గడియారం చూసుకున్నాడు. థియేటరులో మత్తు డాక్టరు సిద్ధంగా ఉంటాడు. చెప్పాల్సింది చెప్పాడు. తెలుగులోనే చెప్పాడు. ఒకటికి రెండుసార్లు చెప్పాడు. వెనక్కి తిరిగాడు.

పెయింటరు ఫోను తీశాడు.

"తల్లీ! డాక్టరు గారు తిట్టారే! అవును, గట్టిగా! నాకేం లేదు. స్టేషనులో ఉన్నావా? ఇంక ఆలోచించకు, రైలెక్కు. మళ్ళీ అలాంటి ఉద్యోగం రమ్మంటే వస్తుందా? రెండేళ్ళదాకా సెలవివ్వకపోతే పోనీ. రెండేళ్ళే కదమ్మా. నేనెక్కడికి పోతాను? నువ్వొచ్చేసరికి మన ఇంటి ముందు గోడంతా..."

డాక్టరు తలుపుదాకా వెళ్ళాడు. అక్కడ సూపరింటెండెంటు పక్కకు తొలగి దారి ఇచ్చింది. ఆయన ఆ దారిలోకి ఒక అడుగు వేశాడు. ఆగాడు. ఏదో మరిచిపోయిన మనిషిలా జేబులు తడుముకున్నాడు. తర్వాత వెనక్కి నడిచాడు.

"డాక్టరు గారూ," అంది సూపరింటెండెంటు.

ఆయన పెయింటరు కాళ్ళను రెండు చేతులతో ఎత్తి మంచం మీద పెట్టాడు. స్టూలు లాగాడు. కూర్చున్నాడు.

పెయింటరు నోట్లో మాట అక్కడే ఆగింది. ఫోనులో, "నాన్నా? గోడంతా ఏంటి నాన్నా?" అని వినిపిస్తోంది. అతను డాక్టరు ముఖం చూశాడు. డాక్టరు నోరు తెరిచాడు. తరగతిలో నేర్పిన వాక్యాల్లో ఒక్కటీ రాలేదు. తన సొంత వాక్యాలూ రాలేదు. మూసుకున్నాడు.

"తల్లీ," అన్నాడు పెయింటరు చాలాసేపటికి. "రైలెక్కకు. ఇక్కడికి రా... ఏం లేదు. ఊరికే. రా."

ఫోను దిండు కింద పెట్టి, గోరు అంచున ఉన్న రంగుని ఇంకో గోరుతో గీకుతూ ఉండిపోయాడు. థియేటరు నుంచి మనిషి వచ్చి పిలిచాడు. డాక్టరు లేవలేదు. కూతురు వచ్చేదాకా ఆ ఇద్దరూ అలాగే ఉన్నారు.

సాయంత్రం సూపరింటెండెంటు తన మాట నిలబెట్టుకుంది. మర్నాటి నుంచి సర్టిఫికెట్ల గది. ట్రైనర్ కూడా ఫలితం చెప్పింది. డ్రైవరు మంచం దగ్గర ఆయనకు మంచి మార్కులే వచ్చాయి. ఫెయిలైంది కిటికీ పక్క మంచం దగ్గర: అంతసేపు కూర్చుని కూడా రోగితో ఒక్క మాటైనా మాట్లాడలేదు.